గడప బయటి మామయ్య

మా పారాతెనె మామయ్యకి మెల్లగా మాట్లాడటం రాదు. పొద్దున్నే టీ అడిగినా సరే, అవతలి కొండమీది గొర్రెని అదిలించినట్టే అడుగుతాడు. అందులో ఆయన తప్పు పెద్దగా లేదు లెండి. మీసం మొలిచినప్పటి నుంచీ గొర్రెల బొచ్చు కత్తిరించే ముఠాతో ఊరూరా తిరిగాడు. ఆ షెడ్లలో మరల రొద, కుక్కల అరుపులు, గొర్రెల గోల. వాటన్నిటి మీదుగా వినపడాలంటే గొంతు అట్లా తయారవక తప్పదు. నడుము పట్టేశాక ఆ పని మానుకుని మా ఊరు వైమారుకి తిరిగొచ్చాడు కానీ, గొంతు మాత్రం షెడ్డులోనే ఉండిపోయింది.

ఆ గొంతంటే ఊళ్ళో అందరికీ హడలే, అందరికీ ముచ్చటే. ఎందుకంటే మా మరాయె, అంటే మా వంశమంతా కూడే చోటు, దాని ముంగిట్లో నిలబడి మాట్లాడటంలో ఆయన్ని కొట్టేవాడు ఈ తీరంలో లేడు.

అక్కడ సభలు జరిగే పెద్దింటి ముందున్న ఆ పచ్చిక ముంగిలి టూ దేవుడిది. యుద్ధాలన్నీ ఆయన చేతిలోవి. అక్కడ నిలబడి ఎవరైనా ఎవరినైనా కడిగి పారేయొచ్చు. కళ్ళు ఉరమొచ్చు, కర్ర ఝళిపించొచ్చు, ఎదుటివాడి ముత్తాత చేసిన వెధవపనిని కూడా తవ్వి తియ్యొచ్చు. తప్పు లేదు. అదే, చెప్పులు విప్పి గడప దాటి పెద్దింట్లోకి అడుగుపెట్టామా, అది రోంగో దేవుడిది. శాంతి ఆయనది, కూమరా దుంపా ఆయనదే. ఆ కప్పు కింద గొంతు పెంచకూడదు. పెంచితే ఎవరూ కొట్టరు, తిట్టరు. గోడవారన కూర్చున్న ముసలమ్మలు ఊరికే అట్లా చూస్తారు. ఆ చూపు పడ్డవాడు తేరుకోవడానికి వారం పడుతుంది.

అందుకే మామయ్య పెద్దింట్లో నోరు విప్పడు. లోపల ఏ మాటొచ్చినా గడ్డం గోక్కుంటూ కూర్చుని, ఆఖరికి "దీని సంగతి బయట చూసుకుందాం" అని లేచిపోతాడు. గడప బయటి పారాతెనె అని ఆయనకి పేరు పడిపోయింది. ఆ పేరు బిరుదు అనుకుంటాడు కూడా.

తమాషా ఏమిటంటే, బతుకంతా టూ లాగా అరిచే ఈ మనిషి చేసే సేద్యం రోంగోది. మరాయెని ఆనుకుని, ఉత్తరపు ఎండ పడేవైపు, మా దేశంలో ఎండ ఉత్తరం నుంచే లెండి, మా అమ్మమ్మ తె పాయెయా సాగుచేసిన చేను ఉంది. ఆవిడ చేతినుంచి అది మామయ్యకి వచ్చింది. అందులో ఆయన వేసే కూమరా బజార్లో దొరికే లావుపాటి దుంప కాదు. వేలెడంత, సన్నంగా, తెల్లతోలుతో ఉండే పాతకాలపు రకం. ఉడికించి నోట్లో వేసుకుంటే తేనె కలిపామా అనిపిస్తుంది. చేను మొదట్లో అమ్మమ్మ నిలబెట్టిన రోంగో రాయి ఉంది, పసిపిల్ల అంత. మామయ్య రోజూ దానికి శుభోదయం చెబుతాడు. ఆ చెప్పడం సముద్రం మీద పడవలవాళ్ళకి కూడా వినిపిస్తుంది.

నాట్లప్పుడు బడిపిల్లలు వస్తే వాళ్ళకి కథ చెబుతాడు.

"నేలతల్లినీ ఆకాశం తండ్రినీ కొడుకులే విడదీశారు గదా! గాలిదేవుడు తాఫిరికి ఒళ్ళు మండిపోయింది. అన్నదమ్ముల్ని ఒక్కొక్కణ్ణీ తరుముకుంటా వచ్చాడు. అడివి దేవుడి కొమ్మలన్నీ విరిచాడు. సముద్రం దేవుణ్ణి ఆ మూల నుంచి ఈ మూలకి తరిమాడు. టూ ఒక్కడే ఎదురు నిలబడ్డాడు. మరి మన రోంగో ఏం చేశాడు? 'అమ్మా' అంటా పోయి తల్లి ఒళ్ళో దూరాడు! అందుకే కూమరా మట్టిలో ఉంటది. మెల్లగా తవ్వండ్రా వెధవల్లారా, నిద్ర లేస్తాడు!"

ఆయన అరిచిన అరుపుకి నిద్రలో ఉన్న దేవుళ్ళందరూ లేచి కూర్చుని ఉంటారని మా అమ్మ అంటుంది.

మా అమ్మ మాతెరోవా ఆయనకి సొంత అక్క. మరాయె కమిటీకి ప్రెసిడెంటు. ఆవిడది వేరే రకం. గొంతు పెంచదు, మాట వెనక్కి తీసుకోదు. పెద్దింట్లో ఎవరైనా తలగడ మీద కూర్చుంటే, వాళ్ళు ఎంత పెద్దమనుషులైనా సరే, భుజం తట్టి లేపేస్తుంది. ఇక తిండి సంగతైతే చెప్పనే అక్కర్లేదు. పెద్దిల్లంటే పూర్వీకుడి ఒళ్ళు, అక్కడికి తినేదేదీ రాకూడదు. ఒకసారి కొత్తగా పెళ్ళై వచ్చిన పిల్ల సంచిలో బిస్కెట్టు పొట్లం తెచ్చుకుంది. అమ్మ ఆ సంచిని రెండు వేళ్ళతో పట్టుకుని, చచ్చిన ఎలకని పారేసినట్టు బయట పెట్టి వచ్చింది. ఆ పిల్లకి ఇప్పుడు మనవలు. ఇప్పటికీ బిస్కెట్టు చూస్తే ఉలిక్కిపడుతుంది.

అమ్మ ప్రెసిడెంటు అయిన దగ్గర్నుంచీ మామయ్య ఆవిణ్ణి "ప్రెసిడెంటు గారూ" అనే పిలుస్తాడు, సాగదీసి. అంతకు ముందు "ఓయ్" అనేవాడు. "అక్కా" అనగా నేను పుట్టి బుద్ధెరిగాక వినలేదు.

ఇద్దరికీ చిన్నా చితకా తగాదాలు రోజూ ఉండేవే. కానీ పోయిన చలికాలం వచ్చింది మాత్రం చిన్నది కాదు.

మా మరాయెకి చుట్టాల బస్సులు వస్తే కింద రోడ్డు మీదే ఆగాలి. అక్కణ్ణుంచి బురద గట్టెక్కి నడిచి రావాలి. ఆ చలికాలం ఒక చావుకి వచ్చిన ముసలావిడ అక్కడ జారిపడి మణికట్టు విరగ్గొట్టుకుంది. పరామర్శకి వచ్చిన మనిషి కట్టు కట్టించుకుని వెళ్ళింది. అమ్మకి తల కొట్టేసినట్టయింది. బస్సులు పైకి రావాలని పట్టు పట్టింది. పైన చదునుగా ఉన్న స్థలాలు రెండే. ఒకటి కూమరా చేను. రెండోది మామయ్య ఇంటి వాకిలి. ఆ వాకిలి నిండా ఎప్పుడో చచ్చిపోయిన ట్రక్కులు, ట్రాక్టరు, చక్రాల్లేని కారు. ఎప్పటికైనా బాగు చేస్తానంటాడు. వాటి జోలికి వెళ్ళే ధైర్యం ఎవరికీ లేదు.

భోజనాల హాల్లో పందిబొమికల పులుసు వడ్డిస్తూ అమ్మ మాట బయటపెట్టింది. వంటింటి పెద్దని నేనే కాబట్టి గరిటె పట్టుకుని అక్కడే ఉన్నాను.

"ఒరేయ్ పారాతెనే, ఈ ఏడు కూమరా వెయ్యొద్దు. ఆ చేను చదును చేసి కంకర పోయిద్దాం. బస్సులు పైకి రావాలి."

మామయ్య చెంచా గాల్లో ఆగిపోయింది.

"కంకరా? మన తాతముత్తాతలు ఏట్లోంచి బుట్టలతో మోసుకొచ్చి ఆ మట్టిలో కలిపింది కంకరే గదా! అంతకన్నా మంచి కంకర నీకెక్కడ దొరుకుద్ది ప్రెసిడెంటు గారూ?"

"ఇంకోచోట వేసుకో."

"ఇంకోచోటా? అదేమన్నా బంగాళాదుంపా! నా వాకిట్లో వేశా, బంకమట్టికి కుళ్ళిపోయింది. కొండమీద వేశా, మంచుకి మాడిపోయింది. అదా చేను తప్ప ఎరగదు. చేను పోతే ఇత్తనం పోయినట్టే. అమ్మమ్మల నాటి నుంచి వచ్చింది నా చేతిలో పోవాలా?"

"మరి ముసలాళ్ళు బురదలో పడి చేతులు విరగ్గొట్టుకోవాలా?"

మామయ్య చెంచా కింద పెట్టేశాడు. తర్వాత ఏమంటాడో మా అందరికీ తెలుసు.

"ముంగిట్లోకి రా. టూ ముందు తేల్చుకుందాం."

"వస్తాను. వేరేచోట్ల లాగా మన వైపు ఆడాళ్ళు కూడా ముంగిట్లో మాట్లాడరనుకున్నావా? శనివారం రా," అంది అమ్మ. పులుసు మాత్రం ఆయనకి ఇంకో గరిటె ఎక్కువే పోసింది.

ఆ వారమంతా మామయ్య చేలో నిలబడి సాధన చేశాడు. నేను ఆకుకూరకి అటు వెళితే చాలు, పట్టుకుని వినిపించేవాడు.

"కోడలా, ఇట్టా రా. చివర్లో చూడు, చివర్లో!" అంటూ కర్ర మట్టిలో గుచ్చి, పొడుగు వానకోటు జేబులో చెయ్యి పెట్టి, కత్తి దూసినట్టు ఒక దుంప పైకి తీశాడు. నిరుటి పంటలో ఏరి దాచిన విత్తనపు కూమరా. వంకర లేదు, మచ్చ లేదు. "దీన్ని పైకెత్తి పట్టుకుని, 'ఇది మీకు ఏం అపకారం చేసిందయ్యా' అంటా. మీ అమ్మ మొహం ఎక్కడ పెట్టుకుంటదో చూద్దాం!"

"ముందా కోటు ఉతుక్కో మామయ్యా. జేబులో మేకులు, తాళ్ళు, దేవుడు, అన్నీ ఒక్కచోటే ఉన్నాయి."

"దేవుడికి లేని బాధ నీకెందుకే?"

అరుస్తూనే అన్నాడు కానీ, దుంపని మళ్ళీ జేబులో పెట్టి, పైన చేతిరుమాలు కుక్కి, రెండుసార్లు తడిమి చూసుకున్నాడు. భయపడుతున్నాడని నాకు అప్పుడు అర్థమైంది. ఓడిపోతే ఆ దుంప మళ్ళీ మొలకెత్తదు. వంటింటి మనిషిగా నాకు బస్సులు పైకి రావాలనే ఉంది. మేనకోడలిగా నాకు ఆ చేను ఉండాలని ఉంది. ఎటూ చెప్పలేక నోరు మూసుకున్నాను. నాకది ఎంత కష్టమో మా ఇంట్లోవాళ్ళని అడగండి.

శనివారం పొద్దున ఆకాశం కడిగిన పళ్ళెంలా ఉంది. ముంగిట్లో రెండు వైపులా బెంచీలు వేశాం. ఊరంతా దుప్పట్లు కప్పుకుని వచ్చి కూర్చుంది. పెద్దరికం ఈహాయా తాతది. ఆయనకి చూపు ఆనదు, చెవి కొంచెం దూరం, ఆచారం మాత్రం ఒక్క పొల్లు పోనివ్వడు.

అమ్మ ఒకసారి దక్షిణం వైపు చూసి, "తాఫిరి లేచాడు" అంది.

"లేవడు. నేను చెప్పా ఆయనకి," అన్నాడు మామయ్య.

అమ్మ లేచి తన మాట చెప్పింది. ఎక్కువ లేదు. జారిపడ్డ ముసలావిడ పేరు చెప్పి, ఆవిడ మన ముంగిట్లో ఏడుస్తూ దణ్ణం పెట్టి వెళ్ళిందనీ, అది తనకి నిద్ర పట్టనివ్వడం లేదనీ చెప్పి కూర్చుంది. బెంచీల మీద తలలు ఊగాయి.

అప్పుడు లేచాడండీ మామయ్య! కర్ర నేలకేసి కొట్టి, అటు నుంచి ఇటు, ఇటు నుంచి అటు నడుస్తూ, మా వంశాన్ని మొదటి పడవ దగ్గర్నుంచి ఎత్తుకున్నాడు. ఏటినుంచి కంకర మోసిన ఆడవాళ్ళ పేర్లు ఒక్కొక్కటే పిలిచాడు. నాకు ఒళ్ళు జలదరించింది. అమ్మవైపు తల ఊపినవాళ్ళే ఇటువైపూ ఊపడం మొదలెట్టారు. ఇంకాస్త ఉంటే గెలిచేవాడు. సరిగ్గా ఆ ఘడియకే దక్షిణపు గాలి విసురుగా వచ్చి ఈహాయా తాత టోపీ ఎగరేసుకుపోయింది. వెనకే వాన, కుండపోత.

జనం దుప్పట్లు నెత్తిన వేసుకుని పెద్దింటి వసారాలోకి పరిగెత్తారు. మామయ్య కదల్లేదు. వానలో నిలబడి బెంచీలకి చెబుతున్నాడు.

"పారాతెనే! లోపలికి రారా! టూ తడిసిపోయాడు!" అని కేకేశాడు ఈహాయా తాత.

"వసారాలో మాట్లాడతా! వసారా గడపకి బయటే గదా తాతా!"

"వసారా ఇప్పుడు నీళ్ళది. కళ్ళు కనపడని నాకే తెలుస్తోంది, నీకేమైంది? లోపలికి రా!"

ఇంక దారిలేదు. మామయ్య కర్ర వసారాలో ఆనించి, బూట్లు విప్పి, కోటు నీళ్ళోడుతుండగా లోపలికి వచ్చాడు. మేజోడుకి చిల్లు పడి బొటనవేలు బయటికి చూస్తోంది. మేమంతా పరుపుల మీద, చాపల మీద సర్దుకున్నాం. గోడమీద ఫోటోల్లోంచి పోయినవాళ్ళందరూ చూస్తున్నారు. అమ్మమ్మ కూడా.

"చెప్పు నాయనా," అన్నాడు తాత.

"ఆ చేను!" అన్నాడు మామయ్య. ముంగిట్లో గొంతే వచ్చింది. ముసలమ్మలు చూశారు.

మామయ్య గొంతు దించాడు. "ఆ చేను..." ఈసారి గొంతు అసలు పైకి రాలేదు. ఇంకోసారి నోరు తెరిచాడు. ఏమీ లేదు. పొడుగాటి మనిషి, భుజాలు దించుకుని, చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక నిలబడిపోయాడు. నాకు నవ్వొచ్చింది, వెంటనే ఆ నవ్వుకి సిగ్గేసింది. కోపం లేకుండా మాట్లాడటం ఆయనకి ఎవరూ నేర్పలేదు పాపం. చేను అట్లా కళ్ళముందే జారిపోతోంది.

మొహం మీద కారుతున్న నీళ్ళు తుడుచుకుందామని మామయ్య చేతిరుమాలు కోసం జేబులో చెయ్యిపెట్టి లాగాడు. రుమాలుతో పాటు దుంప బయటికొచ్చింది. టప్పుమని చాపమీద పడి, దొర్లుకుంటూ దొర్లుకుంటూ పోయి, సరిగ్గా మా అమ్మ పాదం దగ్గర ఆగింది.

పెద్దిల్లు ఊపిరి బిగబట్టింది. కూమరా. తినే వస్తువు. పెద్దింట్లో. అదీ ఎవరి జేబులోంచి! నా పక్కన బిస్కెట్టు పిల్ల, అదే, బిస్కెట్టు ముసలమ్మ, నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. మామయ్య మొహంలో నెత్తురు చుక్క లేదు. పూర్వీకుడి ఒంట్లోకి తిండి తెచ్చినవాడి చేతిలో ఆయన చేను ఉంచమని ఇంక ఎవరంటారు?

"ఏమిటా చప్పుడు? ఏం పడింది?" అన్నాడు ఈహాయా తాత.

అందరి కళ్ళూ అమ్మ మీదే. ఒక్క మాట అంటే చాలు, 'కూమరా తాతా, తినేది' అని. పని అయిపోతుంది. ఎల్లుండికి కంకర వస్తుంది.

అమ్మ దుంపని చూసింది. తర్వాత తమ్ముణ్ణి కింద నుంచి పైకి చూసింది. ఆవిడ మోకాళ్ళు ఎన్నాళ్ళనుంచో వంగవు. అయినా గోడ పట్టుకుని వంగింది. దుంపని రెండు చేతుల్లోకీ తీసుకుంది.

"తిండి కాదు తాతా," అంది. "విత్తనం."

"ఏంటీ?"

"విత్తనపు కూమరా. రోంగో. బయట తాఫిరి తరిమాడు గదా, అప్పుడు అమ్మ ఒళ్ళో దాక్కున్నట్టే ఇప్పుడు తన ఇంట్లోకి వచ్చాడు."

తాత చాలాసేపు తల ఊపాడు. "మంచిది. ఆయన ఇంటికి ఆయన వస్తే తప్పేముంది? మరి మామూలుగా ఆయన ఉండేదెక్కడ?"

"మన చేలో."

"నువ్వు బస్సులు నిలబెడతానన్న చేనా?"

ఎక్కడో ఒక ముసలమ్మ కిసుక్కుమంది. అమ్మకి తను ఏమన్నదో ముందే తెలుసు. తెలిసే అంది.

"ఇంకెక్కడ నిలబెడతాను తాతా! దేవుడి నెత్తిన బస్సు పెడతామా?"

ఇల్లంతా మెల్లగా, రోంగోకి కోపం రానంత మెల్లగా నవ్వింది. మామయ్య మాత్రం నవ్వలేదు. అమ్మ దుంపని ఆయన చేతిలో పెట్టి, చెయ్యి వదలకుండా పట్టుకుంది.

"కానీ బస్సులు ఎక్కడో ఒకచోట ఆగాలి గదరా. చేను పక్కనే ఇంకో చదును స్థలం ఉంది. దాంట్లో దేవుళ్ళెవరూ లేరు. చచ్చిన ట్రక్కులున్నాయి."

మామయ్య నోరు పెద్దగా తెరిచాడు. ముసలమ్మలందరూ ఒక్కసారిగా ఆయనవైపు తిరిగారు. ఆయన తలుపు వైపు చూశాడు. బయట వాన ఇంకా దంచుతూనే ఉంది. కప్పు వైపు చూశాడు, అమ్మమ్మ ఫోటో వైపు చూశాడు, నోరు మూశాడు.

"సరే," అన్నాడు. అంత చిన్న మాట ఆయన నోట్లోంచి రావడం వైమారు చరిత్రలో అదే మొదలు.

ఆ సాయంత్రం వంటింట్లో నేను అమ్మని ఊరుకోనివ్వలేదు.

"ఎందుకమ్మా అట్టా అన్నావ్? గెలిచేదానివి గదా!"

"నోరు ముయ్. ఆ గిన్నెలు కడుగు." బల్ల తుడుస్తూ తనే అంది. "వాడి బొటనవేలు చూశావా? చిన్నప్పుడు తప్పు చేసి అమ్మ ముందు నిలబడ్డప్పుడు కూడా అంతే, అట్టాగే లోపలికి ముడుచుకునేవాడు. అందరి ముందూ వాణ్ణి అట్టా చూడలేకపోయా." అని, ఉల్లిపాయలు లేకుండానే కళ్ళు తుడుచుకుంది.

ట్రక్కుల్ని లాగిపారేసే రోజు మామయ్య వాటికి వీడ్కోలు ఉపన్యాసం ఇచ్చాడు, అదీ ఆరుబయట కాబట్టి పూర్తి గొంతుతో. ఇప్పుడు బస్సులు ఆయన వాకిట్లోకే వస్తున్నాయి. ఆయనకి కొత్త పని దొరికింది. "ఎడమకి! ఎడమకంటే ఎడమకేనయ్యా! అది రోంగో రాయి, గుద్దితే నీ పని అయిపోతది!" అని డ్రైవర్లని అదిలిస్తుంటే, ముసలావిడలు బురద అంటకుండా దిగి నవ్వుకుంటూ పెద్దింటికి నడుస్తారు.

సెప్టెంబరు వచ్చింది, మాకు వసంతం. విత్తనపు దుంపల్ని ఇసకమడిలో పడుకోబెట్టే రోజు. ఆ చేలోకి అమ్మ ఎన్నడూ దిగేది కాదు, మోకాళ్ళని సాకు చెప్పేది. ఆ పొద్దున చెప్పకుండా వచ్చింది. మామయ్య తన కోటు విప్పి, ఈసారి ఉతికిన కోటే, నాలుగు మడతలు వేసి మడి పక్కన పరిచాడు. అమ్మ దానిమీద మోకరిల్లింది. ఆయన ఆ దుంపని, పెద్దింట్లో దొర్లిన దాన్నే, ఆవిడ చేతికి ఇచ్చాడు.

పైన ఆకాశం తప్ప ఏ కప్పూ లేదు. ముసలమ్మలు లేరు. సముద్రం మీంచి గాలి వీస్తోంది, ఎంత అరిచినా అడిగేవాడు లేడు. మామయ్య అక్క పక్కన గొంతుక్కూర్చున్నాడు. నేను దగ్గర్లో ఉన్నాను గనక వినిపించింది, లేకపోతే గాలిలో కలిసిపోయేది.

"మెల్లగా పెట్టు అక్కా," అన్నాడు. "నిద్ర లేస్తాడు."